నేరకథ – సమాజ దర్శనం

పాఠ్యోద్దేశం: అపరాధ పరిశోధన నవల కేవలం కాలక్షేప సాహిత్యం కాదని, సమాజాన్ని ప్రశ్నించే ప్రక్రియగా కూడా అది ఎదిగిందని ఐస్‌లాండ్, ఇతర ఉత్తర ఐరోపా దేశాల రచనల ఆధారంగా తెలియజేయడం ఈ పాఠం ఉద్దేశం.

నేరకథ అనగానే రైలు ప్రయాణంలో చదివి పక్కన పడవేసే పుస్తకం మనసులో మెదలుతుంది. తెలుగులో కొమ్మూరి సాంబశివరావు సృష్టించిన డిటెక్టివ్ యుగంధర్, అతని సహాయకుడు రాజు ఒక తరం పాఠకులకు ఆత్మీయులయ్యారు. అద్దె పుస్తకాల దుకాణాలలో ఆ నవలలు చేతులు మారుతూ నలిగిపోయేవి. పాఠకులు ఎంతగా ఆదరించినా, విమర్శకులు మాత్రం వాటిని సాహిత్య గోష్ఠులకు దూరంగానే ఉంచారు. నేరాన్ని గూర్చిన కథ సాహిత్య గౌరవానికి తగదా? ఈ ప్రశ్నకు సమాధానం కోసం ముందుగా నెల్లూరు సీమనే చూడాలి.

క్రీ.శ. 13వ శతాబ్దిలో మనుమసిద్ధి మంత్రిగా నెల్లూరులో వెలసిన తిక్కన సోమయాజి మహాభారతంలోని పదిహేను పర్వాలను తెనిగించాడు. ఆయనకే కేతన తన దశకుమార చరిత్రమును అంకితం చేశాడు. అందులోని అపహారవర్మ చంపానగరంలోని లోభుల ఇండ్లకు కన్నం వేస్తాడు. కేతనయే విజ్ఞానేశ్వరీయమనే ధర్మశాస్త్ర గ్రంథాన్నీ తెలుగు చేశాడు. దొంగ కథ చెప్పిన కలమే శిక్షాస్మృతిని కూడా వ్రాసింది. నేరమూ న్యాయమూ ఒకే నాణేనికి రెండు ముఖాలని ఆనాటి కవులకు తెలుసు.

విచిత్రమేమిటంటే, అదే శతాబ్దిలో ఉత్తర అట్లాంటిక్ సముద్రంలోని ఐస్‌లాండ్ ద్వీపంలోనూ ఇటువంటి సాహిత్యమే పుట్టింది. దానికి ‘సాగా’ అని పేరు. ఆ ద్వీపవాసులు క్రీ.శ. 930లోనే ‘ఆల్థింగ్’ అనే సభను ఏర్పరచుకొని తగవులు తీర్చుకొనేవారు. సాగాలలో ప్రసిద్ధమైన న్యాల్ సాగా 1280 ప్రాంతంలో వ్రాయబడింది. కర్త ఎవరో తెలియదు. న్యాల్ చట్టం తెలిసిన వివేకి. అయినా కుటుంబాల మధ్య రగిలిన పగను ఆపలేకపోతాడు. శత్రువులు అతని ఇంటికి నిప్పంటిస్తారు. బయటికి వచ్చే అవకాశం ఇచ్చినా అతని భార్య బెర్గ్‌థోరా భర్తను విడిచి రాదు. ఆదిపర్వంలోని లక్క ఇల్లు, సౌప్తిక పర్వంలో అశ్వత్థామ జరిపిన నిశాసంహారం తెలుగు పాఠకునికి ఇక్కడ గుర్తుకు రాక మానవు. అయితే ఈ కథ పగతో ముగియదు. బ్రదికి బయటపడిన కారి, ఇల్లు తగులబెట్టిన ఫ్లోసి చివరకు రాజీపడతారు. హత్య వర్ణన కంటె, పగ ఎలా పుడుతుంది, ఎలా చల్లారుతుంది అనేదే ఆ రచనకు ప్రధానం.

ఈ సంప్రదాయానికి ఆధునిక వారసుడు హాల్దోర్ లాక్స్‌నెస్. 1934–35లో వెలువడిన ఆయన ‘స్వతంత్ర జనులు’ నవలలో బ్యార్తుర్ అనే గొర్రెల కాపరి ఎవరికీ ఋణపడకుండా బ్రదకాలని పంతం పడతాడు. ఆ పంతానికి భార్యాబిడ్డలు మూల్యం చెల్లిస్తారు. ఇది నేరకథ కాదు. కాని పేదరికమూ అభిమానమూ కలిసి మనిషిని ఎంత కఠినుణ్ణి చేయగలవో చూపుతుంది. లాక్స్‌నెస్‌కు 1955లో నోబెల్ బహుమతి లభించింది.

అపరాధ పరిశోధన నవలకు కొత్త మార్గం చూపినవారు స్వీడన్‌కు చెందిన మాయ్ షోవాల్, పేర్ వాలో. 1965 నుండి 1975 వరకు వీరు మార్టిన్ బెక్ అనే పోలీసు అధికారి కథానాయకుడుగా పది నవలలు వ్రాశారు. మొదటిదైన ‘రోసన్న’లో కాలువలో దొరికిన ఒక యువతి శవం ఎవరిదో తెలియడానికే నెలలు పడుతుంది. ఇక్కడి పరిశోధకుడు సర్వజ్ఞుడు కాడు. ఉద్యోగంలో అలసిపోయే సామాన్యుడు. ‘చంపినదెవరు?’ అనే ప్రశ్నతో పాటు ‘ఈ నేరం జరగడానికి వీలు కల్పించిన సమాజం ఎటువంటిది?’ అనే ప్రశ్నను వీరు ముందుకు తెచ్చారు.

హెన్నింగ్ మాంకెల్ 1991లో ప్రచురించిన ‘ముఖం లేని హంతకులు’ నవలలో ఒక వృద్ధ రైతు దంపతుల హత్య జరుగుతుంది. మరణశయ్యపై వృద్ధురాలు పలికిన ‘విదేశీ’ అనే ఒక్క మాట బయటకు పొక్కగానే శరణార్థులపై ద్వేషం భగ్గుమంటుంది. వదంతి ఎంతటి హింసకు దారితీస్తుందో ఆ నవల హెచ్చరిస్తుంది. స్టీగ్ లార్సన్ 2004లో మరణించిన తరువాత ఆయన నవలాత్రయం వెలుగు చూసింది. మొదటి నవలకు స్వీడిష్ భాషలో పెట్టిన పేరుకు అర్థం ‘స్త్రీలను ద్వేషించే పురుషులు’. సంపన్న గృహాలు దాచిన దౌర్జన్యం దాని వస్తువు.

ఐస్‌లాండ్ రచయితలలో ఆర్నల్దుర్ ఇంద్రిదసోన్ ముందుగా చదువదగినవాడు. ఆయన సృష్టించిన ఎర్లెండుర్ అనే పరిశోధకుడు బాల్యంలో మంచు తుఫానులో తమ్ముణ్ణి పోగొట్టుకొన్నవాడు. అందుకే తప్పిపోయినవారి కథలు అతణ్ణి వెంటాడుతాయి. 2000లో వచ్చిన ‘మీరిన్’ నవలకు జన్యు సమాచారం ఆధారం. ప్రజల ఆరోగ్య వివరాలను ఒకచోట భద్రపరచే చట్టం ఆ దేశంలో 1998లో వచ్చింది. అందరి రహస్యాలూ ఒకరి చేతిలో ఉండవచ్చునా అన్నది నవల వేసే ప్రశ్న. ‘సమాధి మౌనం’ (2001) నవలలో కొత్త ఇండ్ల పునాదుల వద్ద పాత ఎముకలు బయటపడతాయి. వాటి వెనుక రెండవ ప్రపంచయుద్ధ కాలంలో భర్త చేతిలో నలిగిన ఒక ఇల్లాలి దుఃఖం ఉంటుంది. ఈ నవలకు 2005లో బ్రిటన్‌లోని నేరకథా రచయితల సంఘం ‘గోల్డ్ డాగర్’ బహుమతి లభించింది.

ఐస్‌లాండ్ జనాభా సుమారు నాలుగు లక్షలు. నెల్లూరు నగర జనాభా కంటె తక్కువ. ఏడాదికి జరిగే హత్యలు వేళ్ళ మీద లెక్కించదగినన్ని. అటువంటి చోట ఇన్ని నేరకథలు ఎందుకు? అందరూ అందరికీ తెలిసిన చిన్న సమాజంలో మౌనం పెద్ద నేరమవుతుంది. పొరుగింటి ఏడుపు విని కూడా విననట్లుండడమే ఆ నవలలలో అసలు అపరాధం.

అయితే ఈ పుస్తకాలన్నీ సమానమైనవి కావు. ఉత్తర దేశాల నవలలకు గిరాకీ పెరిగిన కొద్దీ హింసావర్ణనే సరుకుగా మారిన రచనలు కూడా వచ్చాయి. బాధితుణ్ణి మనిషిగా చూపే నవలను, శవంగా మాత్రమే చూపే నవలను వేరుచేసి చూడగలగడమే పాఠకుని వివేకం.

ఇందుకూరుపేట మండలంలో ఒకవైపు వరిచేలు, మరొకవైపు రొయ్యల చెరువులు, మైపాడు వద్ద సముద్రం, తీరం పొడవునా మత్స్యకార గ్రామాలు ఉన్నాయి. ఐస్‌లాండ్ వలెనే ఇదీ చేపనూ సముద్రాన్నీ నమ్ముకొన్న నేల. చేలగట్టు తగవు, చెరువు మీది అప్పు, వలసపోయి తిరిగి రాని కొడుకు, నలుగురికీ తెలిసినా ఎవరూ నోరు విప్పని ఒక ఇంటి గుట్టు ఏ పల్లెకైనా ఉండేవే. దూరదేశపు నవలను ఇంగ్లీషు అనువాదంలో చదివిన విద్యార్థి, ఆ మంచు వెనుక తన ఊరి మనుషులనే గుర్తుపట్టగలిగితే ఆ పఠనం సార్థకం. హంతకుడు చివరి పుటలో దొరుకుతాడు. ‘తెలిసీ ఎందుకు ఊరకున్నాం?’ అనే ప్రశ్నకు జవాబు మాత్రం పుస్తకం మూసిన తరువాత పాఠకుడే వెదకుకోవాలి.

అభ్యాసం
1. న్యాల్ సాగాకు, భారత కథకు గల పోలికలను వివరించండి.
2. షోవాల్, వాలో అపరాధ పరిశోధన నవలలో తెచ్చిన మార్పు ఏమిటి?
3. ‘చిన్న సమాజంలో మౌనం పెద్ద నేరమవుతుంది’ – మీ అభిప్రాయాన్ని సోదాహరణంగా వ్రాయండి.