జనరల్ డిగాల్ – యానాం

యానాంలో ఆగస్టు 15 పండుగ ముగిసిన మర్నాడు కూడా సెలవే. 1962లో ఆ 16వ తేదీన ఫ్రెంచి స్థావరాలు చట్టరీత్యా భారతదేశానికి చెందాయి. పాలన మాత్రం 1954 నవంబరు 1నే చేతులు మారింది. అంటే దాదాపు ఎనిమిదేళ్ళపాటు యానాం తెలుగువారు భారత ప్రభుత్వ పాలనలో ఉంటూనే, చట్టం దృష్టిలో ఫ్రెంచి గడ్డమీద ఉన్నారు. ఈ జాప్యానికి కారణం గౌతమి ఒడ్డున వెతికితే దొరకదు. అల్జీరియాలోనూ, రాజకీయ నాయకుడైన ఒక సైన్యాధికారి జీవితంలోనూ వెతకాలి.

ఆయన షార్ల్ ద్‌గోల్. ఇంగ్లీషు మీదుగా మనకు డిగాల్ అయినాడు. అలవాటైన రూపమే ఇక్కడా వాడుతున్నాము. 1890లో లిల్ పట్టణంలో పుట్టి, సైనిక పాఠశాలలో చదివి, మొదటి ప్రపంచ యుద్ధంలో 1916లో వెర్దఁ వద్ద గాయపడి జర్మనుల చేతికి చిక్కారు. యుద్ధం ముగిసేదాకా బందీయే. తప్పించుకోవడానికి చేసిన ప్రయత్నాలన్నీ విఫలమైనాయి. ట్యాంకులతో కూడిన వృత్తి సైన్యం కావాలని 1934లో పుస్తకం రాస్తే పై అధికారులు పెద్దగా పట్టించుకోలేదు. 1940 మే నెలలో జర్మన్ ట్యాంకులే ఆ వాదాన్ని రుజువు చేశాయి.

ఆ జూన్‌లో తాత్కాలిక హోదాలో బ్రిగేడియర్ జనరల్ అయి, కొద్దిరోజులు ఉపమంత్రిగా ఉండి, ఫ్రాన్సు లొంగిపోతున్న వేళ లండన్ చేరి, జూన్ 18న రేడియోలో పోరు కొనసాగించమని పిలుపునిచ్చారు. ఆగస్టులో ఫ్రాన్సులోని సైనిక న్యాయస్థానం ఆయన పరోక్షంలోనే మరణశిక్ష విధించింది. చెప్పుకోదగ్గ సైన్యం లేని ఈ జనరల్‌ పక్షాన సెప్టెంబరు 7న పుదుచ్చేరి గవర్నరు బొన్వఁ నిలిచారు. గవర్నరుతోపాటే యానామూ స్వేచ్ఛా ఫ్రాన్సులో చేరింది. చుట్టూ బ్రిటిష్ ఇండియా ఉండగా మరో దారి సులభం కాదన్నదీ నిజమే. అయినా డిగాల్‌కు తొలినాళ్ళలో దక్కిన నేల అంతా ఇలాంటి సముద్రాంతర ప్రాంతాలే. తరువాతి కాలంలో ఆ సామ్రాజ్యాన్ని వదులుకోవలసిన పని కూడా ఆయన మీదే పడింది.

1944లో విముక్తమైన పారిస్‌లో ప్రభుత్వాధినేత. పార్టీల పోరుతో విసిగి 1946 జనవరిలో రాజీనామా. తానే పెట్టిన పార్టీ కూడా నిలదొక్కుకోలేదు. 1958లో అల్జీరియా యుద్ధం పారిస్ ప్రభుత్వాన్ని కూల్చే స్థితి తెచ్చినప్పుడు, జూన్ 1న మళ్ళీ అధికారం ఆయన చేతికి వచ్చింది.

మూడు రోజులకు అల్జీర్స్‌లో ఆయన చేసిన ప్రసంగం భాషాశాస్త్ర విద్యార్థులు గమనించదగినది. మొదటి వాక్యం: “నేను మిమ్మల్ని అర్థం చేసుకున్నాను.” ఫ్రెంచి ‘వు’కు మన ‘మీరు’ వలెనే బహువచనం, గౌరవం రెండూ ఉన్నాయి. అయితే ఆ ‘మీరు’ ఎవరు? అక్కడి ఫ్రెంచి వలసదారులు తామే అనుకున్నారు. సైన్యం తానే అనుకుంది. ముస్లిములలోనూ కొందరు తమనే అనుకున్నారు. సర్వనామం ఎవరికి వర్తిస్తుందో వక్త తేల్చలేదు. అది పొరపాటని మేము అనుకోము. నాలుగేళ్ళ తరువాత తేలిన అర్థం వలసదారులకు ద్రోహంగానే కనిపించింది. స్వయంనిర్ణయం వైపు ఆయన మొగ్గేసరికి 1961 ఏప్రిల్‌లో అల్జీర్స్‌లో జనరళ్ళు తిరుగుబాటు చేశారు. దేశాధ్యక్షుడైన డిగాల్ సైనిక దుస్తులు వేసుకుని టెలివిజన్‌లో కనిపించి, వారిని పాటించవద్దని సైనికులను ఆదేశించారు. తిరుగుబాటు నాలుగు రోజుల్లో చల్లారింది.

ఇక యానాం సంగతి. స్థావరాల అప్పగింత ఒప్పందం మీద 1956 మే 28న సంతకాలయ్యాయి. కాని అల్జీరియా మండుతుండగా మరో భూభాగాన్ని వదులుకునే పత్రాన్ని ఆమోదించడానికి ఫ్రెంచి పార్లమెంటు సిద్ధపడలేదు. 1962 మార్చిలో ఏవియఁ ఒప్పందం కుదిరి, జూలైలో అల్జీరియా స్వతంత్రమైంది. ఆ జూలైలోనే మన ఒప్పందానికీ ఆమోదం లభించింది. ఆగస్టు 16న పత్రాలు మార్చుకున్నారు. సరిగ్గా ఆరు రోజులకు, 22న, పారిస్ శివార్లలో డిగాల్ కారుపై అల్జీరియా నిర్ణయాన్ని క్షమించలేనివారు తుపాకులు పేల్చారు. ఆయన బతికిపోయారు.

ఆ ఒప్పందంలో మన అధ్యయనానికి పనికివచ్చే అంశాలు రెండున్నాయి. ప్రజాప్రతినిధులు మరోలా నిర్ణయించేదాకా ఫ్రెంచి అధికారభాషగా ఉంటుందన్నది ఒకటి. అంటే తెలుగే ఇంటిభాష అయిన యానాంలో అధికారభాష ఏమిటన్నది పారిస్‌లోనో ఢిల్లీలోనో కాక, స్థానిక ప్రతినిధులే తేల్చుకోవలసిన విషయమైంది. రెండవది పౌరసత్వం. ఈ స్థావరాల్లో పుట్టి అక్కడే నివసిస్తున్న ఫ్రెంచి పౌరుడు ఫ్రెంచి జాతీయత నిలుపుకోదలిస్తే ఆరు నెలల్లోగా రాతపూర్వకంగా చెప్పుకోవాలి. చెప్పుకోనివాడు భారతీయుడైనట్టే. ఆ కాగితం రాసిన కుటుంబాల వారసులు ఫ్రెంచి అధ్యక్షుని ఎన్నికలో ఓటు వేస్తారు. ఆ పదవికి ప్రజలే నేరుగా ఓటు వేసే పద్ధతి కూడా 1962 అక్టోబరులో డిగాల్ ప్రజాభిప్రాయ సేకరణ జరిపి తెచ్చినదే.