మధురవాడ: ఒక శివారు ప్రాంతపు చరిత్ర, సమాజ జీవనము

సంఘ కాపరి తాను సేవ చేసే ప్రాంతములోని వీధులను ఎరిగి ఉంటాడు. అయితే ఆ వీధులు ఎప్పుడు, ఎందుకు ఏర్పడినవో, ఎవరి కొరకు ఏర్పడినవో తెలిసికొనుటకు మనకు తరచుగా తీరిక ఉండదు. విశాఖపట్నమునకు ఉత్తరాన ఉన్న మధురవాడను ఉదాహరణగా తీసుకొని, ఒక శివారు ఎట్లు పెరుగుతుందో, అందులోని ప్రజలు ఒకరికొకరు ఎందుకు కొత్తవారుగా మిగిలిపోతారో ఈ వ్యాసములో పరిశీలిద్దాము.

1. కొండల నడుమ దారి

నగరము నుండి హనుమంతవాక, ఎండాడ మీదుగా సాగే జాతీయ రహదారికి ఒకవైపు కంబాలకొండ అడవి, మరొకవైపు సముద్రతీరపు కొండలు ఉన్నవి. ఈ రెంటి నడుమ ఉన్న నేలలో మధురవాడ, దాని చుట్టూ పోతినమల్లయ్యపాలెము, చంద్రంపాలెము, బక్కన్నపాలెము, పరదేశిపాలెము, కొమ్మాది, మారికవలస వంటి పల్లెలు వెలసినవి. పేర్ల చివర ఉన్న పాలెము, వలస అను మాటలు గమనించదగినవి. పాలెము అనగా చిన్న జనావాసము. వలస అనగా ఒకచోటు విడిచి మరొకచోటికి వచ్చుట. ఇక్కడికి మనుష్యులు వచ్చి స్థిరపడుట కొత్త సంగతి కాదని ఈ పేర్లే సూచిస్తున్నవి.

ఇంకా వెనుకకు పోతే, సమీపములోని తొట్లకొండ, బావికొండ మీద సుమారు క్రీ.పూ. 3వ శతాబ్దము నుండి క్రీ.శ. 3వ శతాబ్దము వరకు బౌద్ధ భిక్షువులు నివసించారు. 1980ల దశకములోను ఆ తరువాతను జరిగిన త్రవ్వకాలలో విహారాలు, స్తూపాలు బయటపడినవి. తొట్లకొండ మీద రోమను నాణెములు కూడా దొరికినవి. రాతిలో తొలిచిన నీటి తొట్ల వలననే ఆ కొండకు ఆ పేరు వచ్చింది. సముద్ర వ్యాపారము, క్రింది పల్లెల ఆదరణ, దాచుకొన్న వాన నీరు వారిని పోషించినవి.

2. నగరము ఆలస్యముగా వచ్చిన దిక్కు

విశాఖ నౌకాశ్రయము 1933లో ప్రారంభమైనది. 1957లో చమురు శుద్ధి కర్మాగారము వచ్చింది. ఉక్కు కర్మాగారమునకు 1971లో శంకుస్థాపన జరిగింది. ఇవన్నీ నగరమునకు దక్షిణ, పడమటి దిక్కులలో ఉన్నందున కార్మికుల కాలనీలు కూడా గాజువాక వైపే పెరిగినవి. ఉత్తరాన కొండలు అడ్డుగా ఉండుట చేత మధురవాడ పల్లెలు చాలాకాలము వ్యవసాయము మీదనే ఆధారపడినవి.

సముద్రము, ఓడరేవు, నౌకాదళ స్థావరము, కొండలు కలిసి పాత నగరమును ఇరుకు చేసినప్పుడు, విస్తరించుటకు ఈ రహదారి మార్గము మిగిలింది. రహదారి నాలుగు వరుసలుగా వెడల్పు కావడముతో దూరము తగ్గింది. ఈ మార్పులో 2005వ సంవత్సరము ముఖ్యమైనది. ఆ ఏడు ఏప్రిల్ 5న పోతినమల్లయ్యపాలెములోని క్రికెట్ స్టేడియములో భారత్, పాకిస్తాన్ జట్ల మధ్య మొదటి అంతర్జాతీయ వన్డే జరిగింది. అదే ఏడు గాజువాక పురపాలక సంఘమును, చుట్టుప్రక్కల గ్రామములను కలిపి మహా విశాఖ నగరపాలక సంస్థను ఏర్పాటు చేశారు. డిసెంబరులో పేదల గృహనిర్మాణము కూడా ఒక భాగముగా గల జవహర్‌లాల్ నెహ్రూ జాతీయ పట్టణ నవీకరణ పథకము దేశములో ఆరంభమైనది. ఆట, పాలన, ఇల్లు అను మూడు మార్గాలలో నగరము మధురవాడకు చేరింది. కొండ మీద ఐ.టి. కార్యాలయాలు, సమీపములోని గంభీరములో భారతీయ నిర్వహణ విద్యాసంస్థ ప్రాంగణము ఆ తరువాత వచ్చినవి.

3. ఒకే ఊరిలో నాలుగు ఊళ్ళు

నేటి మధురవాడలో నాలుగు రకాల నివాసులను గుర్తించవచ్చును.

మొదటివారు పాత పాలెముల కుటుంబాలు. గ్రామదేవత పండుగ, బంధుత్వము, పొలము గట్ల జ్ఞాపకము వీరిని కలిపి ఉంచుతాయి. భూముల ధర పెరిగి కొందరికి డబ్బు వచ్చింది. భూమిలేని కూలీకి మాత్రము పని పోయింది.

రెండవవారు స్థలము కొని ఇల్లు కట్టుకొన్న ఉద్యోగులు, పదవీ విరమణ చేసినవారు. శ్రీకాకుళము, విజయనగరము జిల్లాల నుండి వచ్చినవారు వీరిలో ఉన్నారు. ఏ ఊరు మీది అని అడిగితే వీరు ఇప్పటికీ సొంత ఊరి పేరే చెబుతారు.

మూడవవారు పట్టణ నవీకరణ పథకము క్రింద ఇక్కడ కట్టిన అంతస్తుల గృహాలలోనికి, నగరములోని మురికివాడల నుండి తరలి వచ్చిన కుటుంబాలు. వీరికి పక్కా ఇల్లు దొరికింది, అది మేలు. అయితే పని పాతచోటనే మిగిలితే, ఇళ్ళలో పనిచేసే తల్లి తెల్లవారకముందే బస్సు ఎక్కవలసి ఉంటుంది. నగర నడిబొడ్డుకు సుమారు 15 కిలోమీటర్ల ప్రయాణము. ఇంటి విలువను ఆలోచించునప్పుడు ఈ దూరమును కూడా లెక్కలో వేయాలి.

నాలుగవవారు అద్దె గదులలో ఉండే విద్యార్థులు, యువ ఉద్యోగులు. కొన్ని ఏళ్ళలో వెళ్ళిపోవచ్చు గనుక వీరి పేర్లు ఇరుగుపొరుగుకు తెలియవు.

ఈ నలుగురు ఎక్కడ కలుస్తారు? బడిలో, సంతలో, బస్టాపులో కలుస్తారు. కలిగినవారి పిల్లలు ప్రైవేటు బడికి వెళ్ళినప్పుడు ఈ చోట్లలో ఒకటి మూతపడుతుంది. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను నగరమును అతలాకుతలము చేసి, రోజుల తరబడి కరెంటు లేకుండా చేసింది. అటువంటి రోజులలో నీళ్ళ బిందె కొరకు అపార్టుమెంటువారు, పల్లెవారు ఒకే వరుసలో నిలుస్తారు. కరెంటు వచ్చాక ఆ పరిచయము నిలుచునా అన్నదే శివారు సమాజమునకు అసలైన పరీక్ష.

4. సంఘ కాపరికి కొన్ని సూచనలు

లండన్ మిషనరీ సంఘమువారు 1805లో విశాఖపట్నము వచ్చారు. కెనడా బాప్టిస్టులు 1870ల దశకములో భీమునిపట్నములో పని ఆరంభించారు. ఆ రెండు పట్టణాలలో సంఘము పాత మిషను ఆవరణ చుట్టూ పెరిగింది. వాటి నడుమ ఉన్న మధురవాడలో వేర్వేరు ఊళ్ళ నుండి, వేర్వేరు అలవాట్లతో వచ్చినవారిని కూర్చి సంఘము కట్టవలసి ఉన్నది. కాబట్టి:

అ) సభ్యుల పట్టికలో పేరుతోపాటు ఏ ఊరి నుండి, ఏ సంవత్సరములో వచ్చారో వ్రాయండి. మీ సంఘము ఈ నాలుగు వర్గాలలో ఎవరిని చేరలేదో ఆ పట్టిక చూపుతుంది.

ఆ) కూటముల వేళను పనివారి బస్సు వేళతో పోల్చి చూడండి. ఆరు గంటల కూటమునకు ఏడు గంటలకు ఇల్లు చేరే తల్లి రాలేదు.

ఇ) సమాధి స్థలము సంగతి మరణము రాకముందే విచారించండి. సొంత ఊరు దూరమైన కుటుంబమునకు, దుఃఖ సమయములో స్థలము కొరకు తిరగడము కంటె కష్టము లేదు.

ఒకడు ఇల్లు కొన్నంత మాత్రాన ఆ ఊరివాడు కాడు. అతని ఇంట చావైనా పెండ్లయినా పొరుగువారు పిలువకనే వచ్చిన రోజున అతడు ఆ ఊరివాడవుతాడు. మధురవాడకు రోడ్లు, భవనాలు ఇతరులు కట్టారు. ఈ పిలుపులేని రాకపోకలను కట్టే పని మాత్రము అక్కడ నివసించేవారిది, వారి నడుమ పనిచేసే మనది.