తలుపు మీద అంటించిన నోటీసు

2023లో సాఫ్ట్‌వేర్ కంపెనీలు వరసగా ఉద్యోగాలు కోసేస్తున్నప్పుడు డాలస్‌లో మా మిత్రుడొకరికి పని పోయింది. హెచ్-1బి మీద ఉన్నవారికి ఆ కంగారు ఎలా ఉంటుందో చెప్పనక్కరలేదు. అరవై రోజుల్లో ఇంకో ఉద్యోగం దొరకాలి, లేకపోతే పెట్టేబేడా సర్దుకోవాలి. ఆ హడావిడిలో హైదరాబాదు మియాపూర్‌లో కొన్న ఫ్లాటు వాయిదాలు ఆగిపోయాయి.

బ్యాంకు నోటీసు పంపింది. అది వెళ్ళింది డాలస్‌కి కాదు, అప్పు కాగితాల్లో ఉన్న మియాపూర్ చిరునామాకి. అప్పులో తానూ సంతకం పెట్టిన నాన్నగారు దాన్ని అందుకుని, "వాడు అసలే ఇబ్బందుల్లో ఉన్నాడు, ఇది కూడా ఎందుకు చెప్పడం" అనుకుని దేవుడి పటాల వెనక దాచేశారు. రెండు నెలలు దాటాక ఇంకో నోటీసు, ఈసారి తలుపు మీదే అంటించి పోయారు. పక్క ఫ్లాటావిడ ఫొటో తీసి వాట్సాప్‌లో పంపితే గాని మావాడికి సంగతి తెలియలేదు.

పటాల వెనక పడి ఉన్న ఆ రెండు నెలలే అసలు విలువైనవి. వాయిదా 90 రోజులకు మించి బాకీ పడితే ఖాతాను మొండిబకాయి కింద రాస్తారు. ఆ తరువాత 2002 నాటి సర్ఫేసీ చట్టం ప్రకారం బ్యాంకు ముందుగా కోర్టుకు వెళ్ళక్కరలేదు. 60 రోజుల గడువిచ్చి, బాకీ కట్టకపోతే ఇంటిని స్వాధీనం చేసుకోవచ్చు. ఆ గడువులోగా మనం అభ్యంతరం రాసి పంపితే, దాన్ని ఎందుకు ఒప్పుకోలేదో బ్యాంకు 15 రోజుల్లో జవాబివ్వాలి. ఒక్క ఉత్తరంతో అయ్యే పని! నాన్నగారికి ఆ మాట చెప్పేవారు లేకపోయారు.

ఇల్లు స్వాధీనం చేసుకున్నాక మామూలు సివిల్ కోర్టు తలుపు మూసే ఉంటుంది. 45 రోజుల్లోగా రుణ వసూళ్ళ ట్రిబ్యునల్‌కు వెళ్ళాలి. నేరుగా హైకోర్టుకు పరిగెత్తేవారిని ముందు అక్కడికే వెళ్ళమని 2010లో సత్యవతి టాండన్ కేసులో సుప్రీంకోర్టు గట్టిగానే చెప్పింది.

ఈ ట్రిబ్యునల్ గడప కూడా మొదట్లో మామూలువాడు ఎక్కగలిగేది కాదు. బ్యాంకు అడిగిన సొమ్ములో 75 శాతం ముందు కడితే గాని మొర వినేవారు కాదు. 40 లక్షల బాకీ అంటే 30 లక్షలు చేతిలో ఉండాలి. అంత ఉంటే వాయిదాలే కట్టేవాడు కదా! 2004 ఏప్రిల్‌లో మార్డియా కెమికల్స్ కేసులో సుప్రీంకోర్టు ఆ షరతును కొట్టేసింది. కోర్టుకెక్కింది ఓ రసాయనాల కంపెనీ, మేలు మాత్రం ఇళ్ళవాళ్ళకీ దక్కింది.

ట్రిబ్యునల్ అప్పు మాఫీ చేయదు. బ్యాంకు పద్ధతి ప్రకారం నడిచిందా లేదా అని చూస్తుంది. తప్పు తేలితే ఇల్లు తిరిగి ఇప్పిస్తుంది. విచారణ ముగిసేదాకా వేలం ఆపమంటే చాలాసార్లు కొంత సొమ్ము కట్టమని షరతు పెడుతుంది. వేలానికీ నియమాలున్నాయి. అప్పుదారుకు 30 రోజుల ముందు నోటీసివ్వకుండా చేసిన అమ్మకాన్ని 2014లో మాథ్యూ వర్గీస్ కేసులో సుప్రీంకోర్టు రద్దు చేసింది. అయితే 2016 సవరణ తరువాత, బాకీ అంతా కట్టి ఇల్లు విడిపించుకునే హక్కు వేలం ప్రకటన వెలువడేదాకానే. వేలం రోజున డబ్బు పట్టుకెళితే సరిపోతుందనుకునేవారు ఇది గమనించాలి. 2023లో సుప్రీంకోర్టు కూడా ఈ మాటే చెప్పింది.

మావాడు మేలుకునేసరికి 45 రోజుల్లో పన్నెండు గడిచిపోయాయి. ఇక్కడ నోటరీ చేయించి, అపొస్టిల్ వేయించి పవర్ ఆఫ్ అటార్నీ పంపాడు. అది ఇండియా చేరిన మూడు నెలల్లోగా అక్కడ స్టాంపు వేయించాలి కూడా. ఈలోగా నాన్నగారి సంతకంతో ట్రిబ్యునల్‌లో అర్జీ పడింది. కొంత సొమ్ము కట్టమన్న షరతు మీద వేలం ఆగింది. మా స్నేహితులం నలుగురం తలా కొంచెం సర్దాం. తరువాత వాడికి ఉద్యోగం దొరికింది, బ్యాంకుతో రాజీ మాటలు నడుస్తున్నాయి. అయ్యిందని చెప్పలేను.

ఇండియాలో ఇంటి అప్పున్నవారు ఓసారి బ్యాంకులో తమ చిరునామా, ఈమెయిలు ఏమున్నాయో చూసుకోండి. ఆదివారం ఫోనులో అమ్మానాన్నలను ఉత్తరాలేమైనా వచ్చాయా అని అడగండి. మా మిత్రుడి నాన్నగారైతే ఇప్పుడు కరెంటు బిల్లు కూడా ఫొటో తీసి పంపుతున్నారట.