పుస్తకము ఎప్పుడు అందరిది అగును?

పాత తెలుగు పుస్తకముల ముఖపత్రము వెనుక "సర్వస్వామ్యములు గ్రంథకర్తవి" అను మాట తరచు కనబడును. అచ్చు వేయుటకు, అనువదించుటకు, నాటకముగా ఆడుటకు, రేడియోలో ప్రసారము చేయుటకు అనుమతి నిచ్చు అధికారము రచయితదే అని దాని భావము. దీనినే గ్రంథస్వామ్యము లేక కాపీరైటు అందురు. పొలముపై హక్కు తరతరములు సాగును. గ్రంథముపై హక్కునకు మాత్రము గడువు కలదు. అది తీరిన నాడు గ్రంథము లోకమందరి సొత్తు అగును. ఆ గడువు ఎంత ఉండవలెను అను ప్రశ్నపై ఒక రాజకీయ పక్షమే పుట్టినదనిన వింతగా తోచవచ్చును.

2006 జనవరి 1న స్వీడన్ దేశములో రిక్ ఫాల్క్‌వింగె అనునాయన స్థాపించిన ఆ పక్షము పేరు పైరేట్ పార్టీ, అనగా ఓడదొంగల పార్టీ. ఇంటర్నెట్టు ద్వారా పాటలు, సినిమాలు పంచుకొనువారిని వ్యాపార సంస్థలు ఓడదొంగలని నిందించుచుండగా, వీరు ఆ నిందనే బిరుదుగా ధరించినారు. లాభాపేక్ష లేక ప్రతులు పంచుకొనుట నేరము కారాదనియు, వ్యాపార హక్కు ప్రచురణనాటి నుండి అయిదేండ్లకు మించరాదనియు, పౌరుల ఉత్తర ప్రత్యుత్తరములపై ప్రభుత్వపు నిఘా తగదనియు వారు వాదించినారు. 2009 ఐరోపా పార్లమెంటు ఎన్నికలలో వారికి స్వీడన్‌లో నూటికి ఏడుకు పైగా ఓట్లు వచ్చినవి. సోదర పక్షములు 2011లో బెర్లిన్ శాసనసభయందు 15 స్థానములు, 2016లో ఐస్లాండు పార్లమెంటునందు 10 స్థానములు గెలుచుకొన్నవి. ఆ వెలుగు నిలువలేదు. 2014లో స్వీడన్ వారును, 2024లో ఐస్లాండు వారును తమ స్థానములన్నియు కోల్పోయినారు. వారు లేవదీసిన ప్రశ్న మాత్రము నిలిచి ఉన్నది.

ఆ ప్రశ్న మన గోదావరి తీరమునకును దగ్గరిదే. మన 1957 చట్టము రచయిత మరణించిన మరుసటి సంవత్సరాది నుండి 50 ఏండ్ల గడువు పెట్టినది. 1919లో గతించిన కందుకూరి వీరేశలింగము పంతులుగారి గ్రంథములు ఆ లెక్కన 1970 జనవరి 1న అందరివైనవి. రవీంద్రనాథ టాగూరు 1941లో మరణించినందున, ఆయన రచనలపై విశ్వభారతికి గల హక్కు 1991తో తీరవలసి ఉండెను. ఆ తరుణమున గడువును 60 ఏండ్లకు పెంచి, 1992లో చట్టమును సవరించినారు. ఒక మహాకవిని పురస్కరించుకొని చేసిన ఆ మార్పు రాజమహేంద్రవరమునకును వర్తించినది. చిలకమర్తి లక్ష్మీనరసింహము గారు 1946లో స్వర్గస్థులైనారు. వారి "గయోపాఖ్యానము" 1997 ఆరంభమున అందరిదీ కావలసి ఉండగా, 2007 దాక ఆగవలసి వచ్చినది.

జంటకవుల లెక్క మరియొక విధము. తిరుపతి వేంకట కవులలో దివాకర్ల తిరుపతి శాస్త్రిగారు 1920లోను, కడియమున పుట్టిన చెళ్లపిళ్ల వేంకట శాస్త్రిగారు 1950లోను గతించినారు. ఇరువురి ఉమ్మడి రచనకు చివర పోయిన వారి నుండియే గడువు లెక్కింతురు. అందువలన పల్లెపల్లెను హార్మోనియము సాయముతో రాగము తీసి పాడిన వారి పాండవ నాటక పద్యములపై హక్కు 2010 చివర వరకు ఉన్నది. 1961లో కీర్తిశేషులైన శ్రీపాద సుబ్రహ్మణ్య శాస్త్రిగారి కథలు 2022 జనవరి 1న అందరివైనవి. శ్రోతలకు చిరపరిచితములైన దేవులపల్లి కృష్ణశాస్త్రిగారి గీతములపై హక్కు 2040 చివర వరకు సాగును.

ఇందు రచయిత పక్షమును మరువరాదు. కలమునే నమ్ముకొన్నవానికి ఈ హక్కే మాగాణి. మంచి పుస్తకము పాఠకుల చేతికి చేరుటకే ఒక్కొక్కసారి పదేండ్లు పట్టును. అయిదేండ్ల గడువు ఏ మూలకును చాలదు. ఫాల్క్‌వింగె తానే 2012లో క్రిస్టియన్ ఎంగ్‌స్ట్రోమ్‌తో కలిసి వ్రాసిన గ్రంథమున ఇరువది ఏండ్లు సూచించినాడు.

అయితే రచయిత పోయిన పిదప 60 ఏండ్లనగా రెండు తరములు. పేరున్న గ్రంథములు మరల మరల అచ్చగును. తక్కినవాని ప్రచురణాలయములు మూతపడును, వారసులు చెదరిపోవుదురు, అనుమతి నిచ్చువారు ఎవరో తెలియదు. ఈలోగా గ్రంథాలయములోని కడపటి ప్రతి చేయి తగిలిన పొడియగుచుండును. పుటలను ఛాయాచిత్రములుగా తీసి భద్రపరచు యంత్రములు నేడు సులభముగా దొరకుచున్నవి, అనుమతియే దొరకదు. ఎవరికిని ఆదాయము రాని ఇట్టి చోట హక్కు రచయితను కాపాడుట లేదు, మరపింపజేయుచున్నది.

రచయితకు నష్టము లేకుండ చట్టమును సడలించుట సాధ్యమే. చిలకమర్తివారు చూపు కోల్పోయిన పిదప తమ రచనలను ఇతరులచే చెప్పి వ్రాయించినారు. అట్టివారు చదువుకొనుటకు వీలుగా గ్రంథములను బ్రెయిలీలోనికో, శ్రవ్యరూపమునకో మార్చుటకు 2012 సవరణ దారి తీసినది. ఇదే ఆశయముతో 2013లో మరాకెష్‌లో కుదిరిన అంతర్జాతీయ ఒడంబడికను 2014లో అందరికంటె ముందు ధ్రువీకరించిన దేశము మనదే.

గడువు తగ్గించుట పార్లమెంటు పని. గడువు తీరినదానిని కాపాడుకొనుట మన పని. ఇంటి బీరువాలో పాత పుస్తకమున్నచో రచయిత మరణించిన సంవత్సరమునకు 60 కలిపి చూడుడు. ఆ సంవత్సరము ముగిసిన మరునాడు అది అందరిది. పీఠికాకారుడు, అనువాదకుడు వేరొకరైనచో వారి లెక్క వేరుగా చూడవలెను. లెక్క సరిపోయినచో, చెదలు ముట్టకముందే దానిని ప్రతి తీయు గ్రంథాలయమునకు ఒకమారు ఎరువిచ్చుట మేలు.