వేగం కాదు, వేగంలో వచ్చే మార్పు



మిరప కోతలు ముగిసి, కల్లాలు ఖాళీ అయిన తరువాత ఒక వేసవిలో మా సంఘ యౌవనస్థులను హైదరాబాదు తీసుకొని వెళ్లాము. అవుటర్ రింగు రోడ్డు పక్కన, రావిర్యాల దగ్గర 2016లో తెరిచిన వండర్‌లా అనే వినోదశాల చూడాలని పిల్లలు ఎన్నాళ్లుగానో అడుగుతున్నారు. బయలుదేరే ముందు రోజు సాయంత్రం ఒక తల్లి మా ఇంటికి వచ్చింది. ఆమె కుమారునికి ఇరవై ఏళ్లు. ఊళ్లో ట్రాక్టరు నడుపుతాడు.

"అయ్యగారూ, అక్కడ తలకిందులుగా తిరిగే బండి ఉందంట గదా. మావాడు ఎక్కుతానంటున్నాడు. అంత స్పీడును మనిషి ప్రాణం తట్టుకుంటుందా?" అని అడిగింది.

మేము చదివినది వేదాంతశాస్త్రం. భౌతికశాస్త్రం పదవ తరగతితో సరి. అయినా ఒక తల్లి భయపడి అడిగిన ప్రశ్నకు "ఏమీ కాదులే అమ్మా" అని చెప్పి పంపడం న్యాయం కాదనిపించింది. మా సంఘంలోని సైన్సు మాస్టారును అడిగి, కొంత చదివి తెలుసుకున్న సంగతులను ఇక్కడ వ్రాస్తున్నాము. చివరకు ఆ సంగతులు మా ఊరి డొంక దారి వరకు వచ్చాయి.

ఇంజను లేని బండి

ఆ బండిని రోలర్ కోస్టర్ అంటారు. హైదరాబాదులో ఉన్నదాని పేరు రీకాయిల్. పట్టాల మీద నడిచే ఈ బండిలో ఇంజను ఉండదు. ముందుగా మోటారు దాన్ని వెనక్కి లాగి, దాదాపు పది అంతస్తుల మేడంత ఎత్తుకు చేర్చి వదిలేస్తుంది. అక్కడి నుండి దాన్ని కిందికి లాగేది భూమి ఆకర్షణ. ఎత్తు నుండి దిగేటప్పుడు వేగం పుడుతుంది. ఆ వేగంతోనే మెలికలు తిరిగి, ఎదురుగా ఉన్న రెండవ ఎత్తు ఎక్కుతుంది. అక్కడి నుండి వచ్చిన దారినే వెనక్కి దిగుతుంది.

మన వేపచెట్టు ఉయ్యాల చేసే పని కూడా ఇదే. పైన ఎత్తు ఉంటుంది, వేగం ఉండదు. కింద వేగం ఉంటుంది, ఎత్తు ఉండదు. ఒకటి తరిగితే మరొకటి పెరుగుతుంది. రాపిడి లేదనుకుంటే, 5 మీటర్ల ఎత్తు నుండి దిగిన బండికి గంటకు సుమారు 36 కిలోమీటర్ల వేగం వస్తుంది. 20 మీటర్లయితే 71, 45 మీటర్లయితే 107. ఎత్తు నాలుగింతలైతే వేగం రెండింతలవుతుందన్నమాట. ఈ లెక్కలో బండి బరువుతో పని లేదు. ఖాళీ బండికీ, నిండు బండికీ ఒకటే లెక్క.

ఇటువంటి బండ్లను అమెరికాలో ప్రజలకు అలవాటు చేసినవాడు లమార్కస్ థాంప్సన్. ఆయన సండే స్కూలు ఉపాధ్యాయుడు. పట్టణాల్లోని యౌవనస్థులు సారా దుకాణాల పాలవుతుంటే చూసి బాధపడి, వారికి మంచి వినోదం కల్పించాలని తలంచాడు. 1884లో న్యూయార్కు దగ్గర కోనీ దీవిలో తన బండిని ప్రారంభించాడు. దాని వేగం గంటకు 10 కిలోమీటర్లే. మన ఎడ్లబండి కంటే కొంచెం నయం. అయినా జనం వరుసలు కట్టి ఎక్కారు.

వేగం మనకు తెలియనే తెలియదు

ఇప్పుడు ఆ తల్లి ప్రశ్నకు వద్దాం. అంత వేగాన్ని మనిషి తట్టుకుంటాడా?

ఒక సంగతి గమనించండి. భూమి తన చుట్టూ తాను తిరుగుతున్నది. ఆ లెక్కన గుంటూరులో అరుగు మీద కూర్చున్న పెద్దాయన కూడా గంటకు సుమారు 1600 కిలోమీటర్ల వేగంతో వెళ్తున్నాడు. ఆయన చేతిలోని మజ్జిగ గ్లాసు తొణకదు. ఎందుకంటే ఆ వేగం పెరగదు, తరగదు, దిశ మారినా మనకు తెలియనంత మెల్లగా మారుతుంది. మన శరీరం వేగాన్ని కనిపెట్టలేదు. వేగంలో వచ్చే మార్పును మాత్రమే కనిపెడుతుంది. ఈ మార్పునే శాస్త్రజ్ఞులు త్వరణం అంటారు.

ఆర్టీసీ బస్సులో నిలబడ్డవారికి ఇది బాగా తెలుసు. బస్సు ఒకే వేగంతో పోతున్నంతసేపు ఇబ్బంది ఉండదు. డ్రైవరు బ్రేకు వేస్తే ముందుకు తూలుతాం. ఒక్కసారి ముందుకు లాగిస్తే వెనక్కి పడతాం. మలుపు తిప్పితే పక్కవారి మీద ఒరుగుతాం. పెరగడం, తగ్గడం, దిశ మారడం, మూడూ త్వరణమే.

కోస్టరు దిగేటప్పుడు గుండె జారినట్టుండడానికి కారణం ఇదే. బండి, దానిలోని మనిషి కలిసి పడుతుంటే సీటు మనలను పైకి నెట్టడం దాదాపు మానేస్తుంది. బరువు పోయినట్లనిపిస్తుంది. అడుగుకు చేరి మళ్లీ పైకి తిరిగేటప్పుడు సీటు గట్టిగా నెడుతుంది. అక్కడ బరువు నాలుగింతలైందనుకోండి, 60 కిలోల మనిషి 240 కిలోలు తూగుతాడు. అంటే నాలుగు మిరప టిక్కీలు ఒంటి మీద పెట్టినట్టు. అయితే అది ఒకటి రెండు క్షణాలు మాత్రమే.

దీన్ని లెక్క లేకుండా చేస్తే ఏమవుతుందో 1895లో తెలిసింది. కోనీ దీవిలోనే గుండ్రని చక్రంలా పట్టా వేసి బండిని తలకిందులుగా తిప్పారు. సమంగా వస్తున్న బండి ఒక్కసారిగా చక్రంలోకి మళ్లేసరికి ఎక్కినవారి మెడలు దెబ్బతిన్నాయి. తరువాత చాలా ఏళ్లకు, 1976లో, వెర్నర్ స్టెంగెల్ అనే జర్మను ఇంజనీరు అమెరికాలోని ఒక కోస్టరుకు ఆ చక్రాన్ని నీటిబొట్టు ఆకారంలోకి మార్చాడు. మలుపు మెల్లగా మొదలై పైకి పోయేకొద్దీ బిగుస్తుంది. మార్పును మెల్లగా తెచ్చాడు గనుక మెడలు బాగున్నాయి.

ఈనాడు అబుదాబిలో 2010 నుండి నడుస్తున్న ఫార్ములా రోసా అనే కోస్టరు సుమారు 5 సెకన్లలో గంటకు 240 కిలోమీటర్ల వేగం అందుకుంటుంది. గల్ఫులో పనిచేసే మనవాళ్లు కొందరు దాన్ని చూసే ఉంటారు. అంత వేగంలోనూ ఎక్కినవారు నవ్వుతూ దిగుతున్నారు. అయితే గర్భిణీ స్త్రీలు, గుండె జబ్బు, రక్తపోటు, మూర్ఛ, వెన్ను నొప్పి ఉన్నవారు, చిన్నపిల్లలు ఇటువంటివాటికి దూరంగా ఉండాలి. అక్కడ వ్రాసిపెట్టిన హెచ్చరికలు అలంకారానికి కావు.

ఒక మిషనరీ కుమారుని సాహసం

మనిషి ఎంత మార్పును తట్టుకోగలడో తన ఒంటి మీదనే పరీక్షించి చూసిన డాక్టరు ఒకరున్నారు. ఆయన పేరు జాన్ స్టాప్. మన ఒంగోలుకు బాప్టిస్టు మిషనరీలు వచ్చినట్టే బ్రెజిల్ దేశానికి వెళ్లిన బాప్టిస్టు మిషనరీ దంపతుల కుమారుడు. అమెరికా వైమానిక దళంలో వైద్యుడు. 1954 డిసెంబరు 10న పట్టాల మీద రాకెట్లతో నడిచే బండిలో తనను తాను కట్టివేయించుకొని గంటకు 1017 కిలోమీటర్ల వేగంతో వెళ్లాడు. ఆ వేగం ఆయనను ఏమీ చేయలేదు. బండి 1.4 సెకన్లలో ఆగింది. అప్పుడు ఒక క్షణంలో ఆయన మీద తన బరువుకు 46 రెట్ల ఒత్తిడి పడింది. కళ్లలో నెత్తురు చిమ్మి కొంతసేపు చూపు పోయింది. దేవుని దయవలన మళ్లీ వచ్చింది. బెల్టులతో గట్టిగా బిగించి ఉన్నందుకే ఆయన బ్రతికాడు. అటు తరువాత కార్లలో సీటు బెల్టులుండాలని ఆయన జీవితమంతా పోరాడాడు.

మన డొంక దారి మలుపు

హైదరాబాదు నుండి తిరిగి వస్తుండగా ఆ ట్రాక్టరు నడిపే అబ్బాయి మా పక్కన కూర్చున్నాడు. రీకాయిల్ రెండుసార్లు ఎక్కాడు. "భుజాల మీద ఇనుప కడ్డీ వేసి బిగించారయ్యగారూ. ఇక భయమేముంది?" అన్నాడు. ఆ మాట మమ్ములను ఆలోచనలో పడవేసింది.

కోస్టరు మలుపును ఇంజనీర్లు ముందే లెక్కగట్టారు. మన కాలువ గట్టు మలుపును ఎవరు లెక్కగట్టారు? 15 మీటర్ల వ్యాసార్ధం ఉన్న మలుపులో ట్రాక్టరు గంటకు 20 కిలోమీటర్ల వేగంతో తిరిగితే, 60 కిలోల మనిషిని సుమారు పన్నెండున్నర కిలోల బరువు పక్కకు లాగినట్టుంటుంది. చేత్తో పట్టుకొని కూర్చోవచ్చు. అదే మలుపులో 40 కిలోమీటర్లతో తిరిగితే ఆ లాగుడు 50 కిలోలు. వేగం రెండింతలైతే లాగుడు నాలుగింతలవుతుంది. టిక్కీల మీద, పత్తి బోరాల మీద మనుషులు ఎత్తుగా కూర్చుంటే బరువంతా పైన చేరి ట్రక్కు బోల్తా పడడం ఇంకా సులువు. ట్రక్కు సరుకు కోసం చేసినది. దానికి బెల్టు లేదు, కడ్డీ లేదు. చాలా ట్రక్కులకు సొంత బ్రేకు కూడా ఉండదు.

ఇది ఊహించి చెప్పే మాట కాదు. 2020 మే నెలలో ప్రకాశం జిల్లా నాగులుప్పలపాడు మండలం రాపర్ల దగ్గర మిరప కూలీలతో వస్తున్న ట్రాక్టరు కరెంటు స్తంభాన్ని ఢీకొంది. తీగలు తెగి మీద పడి పలువురు చనిపోయారు. 2025 ఫిబ్రవరిలో పల్నాడు జిల్లా ముప్పాళ్ల మండలం బొల్లవరం దగ్గర మిరప కోతకు వెళ్లి వస్తున్న ట్రాక్టరు బోల్తా పడి నలుగురు స్త్రీలు చనిపోయారు. వారందరూ సాయంత్రం ఇంటికి చేరవలసినవారు.

మోటారు సైకిలు నడిపే యౌవనస్థులకు ఒక మాట. గంటకు 60 కిలోమీటర్ల వేగంతో పోయి గోడను కొట్టుకోవడం, 14 మీటర్ల ఎత్తు నుండి నేల మీద పడడంతో సమానం. తాటిచెట్టు మీద నుండి పడినట్టే. తాటిచెట్టు ఎక్కేవాడు మోకు కట్టుకుంటాడు. మనం హెల్మెట్టును హ్యాండిలుకు తగిలిస్తాం.

తిరిగి వచ్చిన ఆదివారం ఆరాధన అయిన తరువాత ఆ తల్లి మమ్ములను కలిసింది. "మావాడు క్షేమంగా వచ్చాడు. ఊరికే భయపడ్డానయ్యగారూ" అని నవ్వింది. కోతల రోజుల్లో ఆమె కూడా ప్రతి సాయంత్రం టిక్కీల మీద కూర్చొని ఇంటికి వచ్చేది. చాలాసార్లు ఆ ట్రాక్టరు నడిపేది ఆమె కుమారుడే. ఆ రోజు ఇద్దరినీ కూర్చోబెట్టి మలుపు లెక్క కాగితం మీద వేసి చూపించాము. అబ్బాయి చాలాసేపు మాట్లాడలేదు.

మరుసటి సంవత్సరం కోతలకు ముందు సంఘ పెద్దలు, రైతులు, ట్రాక్టర్లవారు కూర్చొని మాట్లాడుకున్నారు. సరుకుకు ఒక బండి, మనుషులకు ఆటో. ఎవరూ టిక్కీల మీద ఎక్కకూడదు. చీకటి పడకముందే చేను వదలాలి. ఆటో కిరాయి రైతు సగం, కూలీల గుంపు సగం. కొందరు రైతులు ఖర్చని గొణిగారు. రెండు వారాలు గడిచేసరికి వారూ ఒప్పుకున్నారు.

చదువరులారా, వచ్చే కోతలకు మీ ఊళ్లో కూడా ఈ మాట ఎత్తండి. ట్రాక్టరు నడిపే మీ కుమారునితో, మోటారు సైకిలు కొన్న మీ అల్లునితో ఈ రాత్రి భోజనం దగ్గర మాట్లాడండి. వేగం పెంచడానికి ఎవరైనా చాలు. మలుపు రాకముందే తగ్గించేవాడే మన తల్లులను ఇంటికి చేర్చే డ్రైవరు.