జంధ్యాల హాస్య రచన: మాటే సన్నివేశంగా

తెలుగు చలనచిత్ర హాస్యాన్ని చర్చించే వ్యాసాల్లో జంధ్యాల పేరు ‘ఆరోగ్యకరమైన హాస్యం’ అనే విశేషణంతో ముడిపడి కనిపిస్తుంది. ఆ విశేషణం ఆయన రచనలో ఏమి లేదో చెబుతుందే తప్ప ఏమున్నదో చెప్పదు.

జంధ్యాల సుబ్రహ్మణ్యశాస్త్రి 1951 జనవరి 14న నరసాపురంలో జన్మించారు. ‘ఏక్ దిన్ కా సుల్తాన్’, ‘గుండెలు మార్చబడును’ వంటి నాటకాల ద్వారా రంగస్థలంపై పేరు పొంది, సినీరంగంలో ‘సిరిసిరిమువ్వ’ (1976)తో సంభాషణల రచయితగా గుర్తింపు తెచ్చుకున్నారు. ‘వేటగాడు’ (1979), ‘శంకరాభరణం’ (1980) రెండింటికీ మాటలు రాసినది ఒకే కలమంటే ఆశ్చర్యం కలుగుతుంది. మొదటిదానిలో రావుగోపాలరావు పాత్ర ప్రాసలు గుప్పిస్తూ సాగుతుంది. రెండవదానిలో శంకరశాస్త్రి మితభాషి. పాత్ర స్వభావాన్ని మాట తీరులోనే నిలపడం ఆయనకు అప్పటికే పట్టుబడిన విద్య.

‘ముద్దమందారం’ (1981)తో దర్శకులైన తర్వాత ఆ విద్య హాస్యానికి మూలాధారమైంది. ‘నాలుగు స్తంభాలాట’ (1982)లో పనిముట్టు పేరైన ‘సుత్తి’ విసుగు పుట్టించే ప్రసంగానికి పర్యాయపదంగా ప్రచారం పొందింది. వీరభద్రరావు, వేలు అనే నటుల ఇంటిపేర్లను సైతం అది ఆక్రమించింది. అర్థవిపరిణామానికి ఇంతకన్న సులభమైన ఉదాహరణ తరగతి గదిలో దొరకదు. పొత్తూరి విజయలక్ష్మి నవల ఆధారంగా వచ్చిన ‘శ్రీవారికి ప్రేమలేఖ’ (1984)లో శ్రీలక్ష్మి పాత్ర చూసిన సినిమా కథను టైటిళ్ల నుంచి మొదలుపెట్టి చెబుతుంది. కథాగమనానికి ఆ సన్నివేశం అవసరం లేదు. నవ్వు పుట్టేది ఆ అనవసరత్వం నుంచే. ‘అహ నా పెళ్ళంట’ (1987)లో పిసినారి లక్ష్మీపతి కోడిని వేలాడదీసి దానిని చూస్తూ అన్నం తినడం మాత్రం దృశ్యహాస్యం. ఆదివిష్ణు నవలపై ఆధారపడిన ఈ చిత్రం పేరు ‘మాయాబజార్’ (1957) పాట పల్లవి. ‘వివాహభోజనంబు’, ‘చూపులు కలసిన శుభవేళ’ (1988) పేర్లూ అక్కడివే. పూర్వ చిత్రాల స్మృతిని ప్రేక్షకుడితో పంచుకోవడం ఆయనకు ఇష్టమైన పద్ధతి.

అయితే ఈ హాస్యభాషకు ఒక ప్రాంతీయ హద్దు ఉన్నది. దాని నుడికారం ప్రధానంగా కోస్తా మధ్యతరగతి ఇళ్లది. జంధ్యాల 2001 జూన్ 19న హైదరాబాదులోనే కన్నుమూశారు. ఆ నగరంలోని కార్వాన్ వంటి పాతబస్తీ పేటల్లో ఉర్దూ, తెలుగు పెనవేసుకొని నడిచే మాటకు ఆయన హాస్యంలో చోటు స్వల్పం. ఆ లోటును తర్వాతి కాలంలో ‘ది అంగ్రేజ్’ వంటి దక్కనీ చిత్రాలు కొంత పూరించాయి. చార్మినార్ దగ్గరి కబుర్లనే అవి హాస్యవస్తువుగా గ్రహించాయి.