చివరిదాకా మిగిలినవాడు: బ్రూస్ క్యాంప్‌బెల్

2002లో వచ్చిన మొదటి 'స్పైడర్‌మ్యాన్'లో కుస్తీ పోటీ సీన్ గుర్తుందా? పీటర్ తన పేరు 'హ్యూమన్ స్పైడర్' అంటే, ఆ పేరు నచ్చక అనౌన్సర్ అప్పటికప్పుడు 'అమేజింగ్ స్పైడర్‌మ్యాన్' అని మైకులో పిలిచేస్తాడు. ఆ అనౌన్సరే బ్రూస్ క్యాంప్‌బెల్. రెండో భాగంలో పీటర్‌ని నాటకం హాల్లోకి పోనివ్వనివాడు, మూడో భాగంలో రెస్టారెంట్‌లో ఫ్రెంచ్ యాసతో మాట్లాడేవాడు కూడా ఇతనే. డైరెక్టర్ శామ్ రైమీ మూడింటిలోనూ ఇతన్ని ఎందుకు పెట్టుకున్నాడో తెలియాలంటే ఇంకా వెనక్కి వెళ్ళాలి.

ఇద్దరూ మిషిగన్‌లో ఒకే హైస్కూల్. సూపర్ 8 కెమెరాతో కామెడీ షార్ట్ ఫిలింలు తీసేవాళ్ళు, మన యూట్యూబ్ బ్యాచ్‌ల టైపన్నమాట. పెద్ద సినిమాకి డబ్బులు కావాలి కాబట్టి 1978లో 'విదిన్ ద వుడ్స్' అని ఒక చిన్న హారర్ ఫిలిం డెమోగా తీసి, డెంటిస్టుల లాంటి ఊరి పెద్దలకి చూపించి పెట్టుబడి అడిగారు. అలా మొదలైంది 'ఈవిల్ డెడ్'. అందులో క్యాంప్‌బెల్ హీరో, నిర్మాతల్లో ఒకడు కూడా.

1979 చివర్లో టెనసీలోని మోరిస్‌టౌన్ దగ్గర అడవిలో, ఒక పాడుబడ్డ ఇంట్లో షూటింగ్. ఎముకలు కొరికే చలి. ఖరీదైన కెమెరా పరికరాలకి డబ్బుల్లేవు. అందుకే కెమెరాని ఒక చెక్కకి బిగించి, రెండు చివర్లూ ఇద్దరు పట్టుకుని చెట్ల మధ్య పరిగెత్తారు. తెర మీద అదే దెయ్యం చూపు అయ్యింది! రక్తమేమో కార్న్ సిరప్‌లో రంగు కలిపి చేసింది. హీరో చొక్కా దానితో తడిసి తడిసి, మంట దగ్గర ఆరబెడితే అట్టలా గట్టిపడి విరిగిందట.

అసలు కథ ఇక్కడుంది. షూటింగ్ అనుకున్న ఆరు వారాలు దాటి సాగింది. మిగతా నటులు వెళ్ళిపోయారు. వాళ్ళ చేతులు, కాళ్ళు, వీపులు కనపడాల్సిన షాట్లలో ఎవరు దొరికితే వాళ్ళని నిలబెట్టారు. ఇలాంటి డూప్‌లకి ఈ గ్యాంగ్ పెట్టిన పేరు 'ఫేక్ షెంప్'. 'త్రీ స్టూజెస్' కామెడీల్లో నటించిన షెంప్ 1955లో చనిపోతే, మిగిలిన సినిమాల్ని అతని డూప్‌తో లాగించారు. పేరు అక్కడిదే.

క్యాంప్‌బెల్ మాత్రం చివరిదాకా ఉన్నాడు. ఎడిటింగ్ అప్పుడు గంటల తరబడి మైకు ముందు నిలబడి అరుపులు మళ్ళీ రికార్డ్ చేశాడు. 16 ఎంఎం ఫిలింని థియేటర్ కోసం 35 ఎంఎంకి మార్చడానికి డబ్బులు చాలకపోతే తన కుటుంబం ఆస్తిని హామీగా పెట్టాడు. ఏ హీరో చేస్తాడండీ ఈ పని? సినిమా 1981లో డెట్రాయిట్‌లో మొదటిసారి తెరకెక్కింది.

తర్వాత ఏమైందంటే, రైమీ రెండో పెద్ద సినిమా 'క్రైమ్‌వేవ్'కి స్టూడియో డబ్బు వచ్చింది. ఆ స్టూడియోకి హీరోగా క్యాంప్‌బెల్ వద్దు! నాకైతే చదువుతుంటేనే ఒళ్ళు మండింది. అతను మాత్రం రైమీ రాసిన చిన్న వేషం వేసి, కో-ప్రొడ్యూసర్‌గా పని చేశాడు. నటన ఒక్కటే తెలిసుంటే ఆ రోజే బయటికి పోయేవాడు. సినిమా తయారయ్యే ప్రతి దశా తెలుసు కాబట్టి ఒక తలుపు మూస్తే ఇంకో తలుపులోంచి లోపలే ఉండగలిగాడు. మన భాషలో ఫుల్ స్టాక్ అనొచ్చు.

ఆ తర్వాత 'హెర్క్యులిస్', 'జీనా' సీరియళ్ళలో దొంగల రాజుగా నటిస్తూనే కొన్ని ఎపిసోడ్లు డైరెక్ట్ చేశాడు. 'మై నేమ్ ఈజ్ బ్రూస్' అయితే మరీ విడ్డూరం. డైరెక్టర్ తనే, హీరో తనే, పాత్ర పేరూ తనదే. ఊరి సెట్ కూడా ఒరెగాన్‌లో సొంత స్థలంలోనే వేశాడు.

1990లో 'డార్క్‌మ్యాన్'కి కూడా రైమీ ఇతన్నే హీరోగా అడిగితే స్టూడియో మళ్ళీ ఒప్పుకోలేదు. ఆ వేషం లియామ్ నీసన్‌కి వెళ్ళింది. చూడనివాళ్ళు ఈ ముక్క వదిలేయండి: చివరి షాట్‌లో హీరో కొత్త ముఖం తొడుక్కుని జనంలో కలిసిపోతాడు. ఆ ముఖం క్యాంప్‌బెల్‌ది. టైటిల్స్‌లో అతని పాత్ర పేరు 'ఫైనల్ షెంప్'.